లింబాయత్ ఫలకము: టీకా తాత్పర్య సహితము

అవతారిక

సూరత్ నగరమున లింబాయత్ అను పేట కలదు. వరంగల్లు, కరీంనగరం, నల్లగొండ సీమల నుండి తరలిపోయిన పద్మశాలీలు ఎందరో అచట మరమగ్గముల మీద బతుకుచున్నారు. వారి పిల్లల కొరకు నగరపాలిక తెలుగు బడులను సైతము నడుపుచున్నది. ఆ పేటలో ఒక టీకొట్టు గోడ మీద రాబోవు కాలమున వెలయనున్న ఫలకమిది. ఫలకము కల్పితము, అందు చెప్పిన యంత్రము కల్పితము, మగ్గములు మాత్రము నిజము. పుట్టని యంత్రమునకు టీక ఏల యందురా? పుట్టిన పిమ్మట వ్రాయుటకు కంపెనీవారు ఉండనే ఉందురు.

మూలము

“సాంచా అనుభవం. ఇరవై ఏండ్ల నేతగాని ఒంట్ల నుంచి తీసినది. పన్నెండు గంటలు. మధ్యల తీసేస్తే పైసలు వాపస్ రావు.”

ప్రతిపదార్థము

సాంచా = మరమగ్గము యొక్క; అనుభవం = ఒంటికి తగిలిన సమస్తము; ఇరవై ఏండ్ల = ఇరువది ఏండ్లుగా మగ్గముల నడుమ నిలబడిన (వయసు ఇరువది అని అర్థము చెప్పరాదు); నేతగాని = మీటరు లెక్కన కూలి పుచ్చుకొనువాని; ఒంట్ల నుంచి = అరికాళ్లు, నడుము, కన్నులు, చెవులు మొదలగు వాని నుండి; తీసినది = గ్రహించి దాచినది; పన్నెండు గంటలు = ఒక షిఫ్టు (1948 నాటి ఫ్యాక్టరీల చట్టమున రోజుకు తొమ్మిది గంటలు అని పాఠాంతరముండెను. ఆ పాఠము లింబాయత్ ప్రతులలో కానరాదు); మధ్యల తీసేస్తే = ఓర్వలేక యంత్రము విప్పినచో; పైసలు వాపస్ రావు = స్పష్టము.

తాత్పర్యము

రుసుము చెల్లించి ఈ యంత్రము తగిలించుకొన్నవాడు మగ్గము తాకకయే నేతగాని ఒక షిఫ్టు కష్టమును తన ఒంట అనుభవించునని భావము.

విశేషములు

పరుల ఒంటి అనుభవమును కోరుట కొత్త కాదు. ఉభయభారతి ప్రశ్నలకు బదులు వెదకుచు శంకరులు అమరుక మహారాజు కళేబరమున ప్రవేశించిరని శంకరవిజయ కథ. 1983లో డగ్లస్ ట్రంబుల్ అను అమెరికా దర్శకుడు ‘బ్రెయిన్‌స్టార్మ్’ చిత్రమున ఒకరి ఇంద్రియానుభవమును టేపు మీదికెక్కించి మరొకరికి అందించెను. సాలెవాని ఒంట దూరిన ముచ్చటయు పంచతంత్రమున కలదు. దూరినవాడు సాక్షాత్తు విష్ణువు. తన వేషము కట్టిన సాలెవాడు యుద్ధమున చచ్చినచో తన పేరు చెడునని దూరెను. శత్రువులను గెలిచెను గాని ఒక్క పోగైనను అతుకలేదు.

శంక

ఒక ఖాతా (మరమగ్గముల శాల) సేటు పన్నెండు గంటలు పూర్తిగా కూర్చుండి లేచి ఇట్లనెను: “కాళ్లు పీకినవి, ఒప్పుకొంటిని. నడుము పట్టినది, అదియు నిజము. కాని మోత మోత యని గోల చేయుదురే, నాకంతగా వినబడలేదు. కావున ఖాతాలో మోత లేదు.”

సమాధానము

యంత్రము అబద్ధమాడలేదు. నాడె అటునిటు కొట్టుకొను మగ్గముల నడుమ ఏండ్లు గడిచినచో లోచెవిలోని సన్నని రోమకణములు నశించును, మరల మొలవవు. నాలుగు వేల హెర్ట్‌జ్ దాపుల వినికిడి ముందుగా పోవును. వ్యాకరణ పరిభాషలో చెప్పవలెనన్న, మొదట జారునవి ఊష్మములు: శ, ష, స. ‘సేట్’ అని పిలిచిన ‘ఏట్’ అని చెవిని పడును. ఇంగ్లండులో లాంకషైర్ మిల్లులవారు ఆ మోతలో పెదవుల కదలిక చూచియే మాట్లాడుకొనెడివారు. పైన చెప్పిన ఫ్యాక్టరీల చట్టమే తన మూడవ షెడ్యూలులో ఈ చెవుడును వృత్తిరోగముల పట్టికకు ఎక్కించినది.

కావున సేటు విన్నది ఖాతా మోత కాదు, ఖాతా తినగా మిగిలిన చెవి. ఒంటినే సాక్షిగా నిలిపినచో చిక్కు ఇదే: ఎవడు ఎక్కువ కాలము కష్టపడెనో వాని ఒళ్లు అంత తక్కువ చెప్పును.

మరి మోత ఎవని చెవినుండి తీయవలెను? నల్లగొండ నుండియో గంజాం నుండియో రైలు దిగి నేరుగా ఖాతాకు వచ్చిన కుర్రవాని చెవినుండి, అదియు మొదటి రోజున. వాడు రెండు వేళ్లతో చెవులు మూసికొనును. అంతలో పోగు తెగును. అతుకుటకు వేళ్లు కావలెను గనుక చెవులు వదలును. ఈ ఘడియ ఫలకమున లేదు. అందుచేత ‘ఇరవై ఏండ్ల’ అనుచోట ‘మొదటి రోజు’ అని సవరించుట యుక్తము. ‘వాపస్ రావు’ అను మాటకు సార్థకత అప్పుడే కలుగును.

ఫలశ్రుతి

ఈ టీకను నిత్యము పఠించిన నేతగానికి మీటరు రేటు పెరగదు. పఠించిన సేటునకు యంత్రముతో పనియుండదు. కుర్రవానిని పనిలో పెట్టుకొనునాడే వాని చెవులు పరీక్ష చేయించి, వానికి చెవి మూతలు ఇప్పించిన చాలును. ఆ రెండును కల్పితములు కావు, బజారున దొరకును.