గరిబాన్ గోడు

నన్ను గరిబాన్ అంటారు. గరుకు పలక మీద మైనపు కాగితం పరిచి ఇనుప కలంతో గీస్తుంటే వచ్చే గరిగరి చప్పుడే నా పేరయింది. మీరెరిగిన సైక్లోస్టైల్ మిషన్‌కి దగ్గరి చుట్టాన్ని. 1894లో హొరీ షిన్‌జిరో మా వంశాన్ని నిలబెట్టాడు. మాకు కరెంటు అక్కర్లేదు. సిరా, రోలరు, ఓపికున్న చెయ్యి ఉంటే చాలు.

టోక్యో విశ్వవిద్యాలయంలో వైద్య విద్యార్థుల గది నా ఇల్లు. చదువయ్యాక ఆస్పత్రుల్లో జీతం లేని చాకిరీ చేయించుకోవడం మీద వాళ్లకు ఎప్పటినుంచో కడుపుమంట. 1968 జనవరిలో సమ్మెకు దిగారు. ఒక గొడవ పేరు చెప్పి మార్చిలో 17 మందికి శిక్ష వేశారు. అందులో ఒకతను ఆ గొడవ జరిగిన రోజు అక్కడ లేనే లేడు! ఆ ఒక్క సంగతీ నేనెన్ని వందల కాగితాల మీద అచ్చేశానో.

జూన్‌లో విద్యార్థులు విశ్వవిద్యాలయంలోని యసుదా హాలును ఆక్రమిస్తే, రెండు రోజులకే విశ్వవిద్యాలయం వాళ్లు పోలీసులను పిలిపించారు. చదువుల గుడిలోకి లాఠీ వచ్చేసరికి, మనకెందుకులే అనుకున్నవాళ్లు కూడా కదిలారు. ఆ రాత్రి ఒకమ్మాయి తెల్లవార్లూ రాసింది. గట్టిగా నొక్కితే కాగితం చిరుగుతుంది, తేలిగ్గా గీస్తే అక్షరం పడదు. ఆ ఒడుపు ఆమె వేళ్లకు తెలుసు. చూపుడువేలు కాయ కాచినా ఆపలేదు. అంత గర్వంగా నేను మళ్లీ ఎప్పుడూ పనిచేయలేదు.

జూలైలో హాలు మళ్లీ విద్యార్థుల చేతికొచ్చింది, నన్నూ మోసుకెళ్లారు. చలికాలానికి నా మీద పడే మాటలే మారిపోయాయి. విద్యార్థులు రంగురంగుల హెల్మెట్ల జట్లుగా చీలిపోయారు. శిక్ష ఊసు తగ్గి, ఎదుటి జట్టు మీద తిట్లు పెరిగాయి. ఏ రంగు హెల్మెట్ వాళ్లకు ఆ రంగే న్యాయం. రోలరు తుడిచే దిక్కు లేక సిరా పిడచకట్టింది. లాఠీల కన్నా నాకు అదే ఎక్కువ నొప్పి.

జనవరిలో ఒక రాత్రి ఆ అమ్మాయే వచ్చింది. కిరసనాయిలు గుడ్డతో నన్ను తుడిచి, తప్పు చేయకుండా శిక్షపడ్డ ఆ కుర్రాడి సంగతి మొదటినుంచి మళ్లీ రాయడం మొదలుపెట్టింది. ఎవరో పిలిస్తే సగంలో లేచి వెళ్లింది.

1969 జనవరి 18న 8,500 మంది పోలీసులు హాలును చుట్టుముట్టారు. పైనుంచి రాళ్లు, కిందనుంచి నీళ్ల ఫిరంగులు, బాష్పవాయువు. మర్నాడు సాయంత్రానికి అంతా అయిపోయింది. ఆ ఏడు ప్రవేశ పరీక్షలే జరపలేదు. నన్ను తడిసిన కాగితాలతో కలిపి బయట పారేస్తే, ఎవరో పాత సామాన్ల గదిలో చేర్చారు. తరవాత జిరాక్స్ మిషన్లు వచ్చాయి. నన్ను అడిగినవాళ్లే లేరు.

చట్రం వంగింది, రోలరు రబ్బరు బీటలువారింది. ఆమె సగం రాసిన మైనపు కాగితం మాత్రం నా తెరకు ఇంకా అంటుకునే ఉంది.