తప్పుకోండి, నేనున్నాను!

1986లో అమెరికా ప్రతినిధుల సభకు మినెసోటా రాష్ట్రంలోని సెయింట్ పాల్ స్థానం నుంచి ఒక రిపబ్లికన్ అభ్యర్థి నిలబడ్డాడు. వయసు 79. ఎదుట డెమొక్రాట్ సిటింగ్ సభ్యుడు బ్రూస్ వెంటో, చుట్టూ డెమొక్రాట్ల కంచుకోట. గెలుపు మీద ఏ మాత్రం ఆశ ఉన్నవాడైనా ఆ టికెట్ అడగడు. హెరాల్డ్ స్టాసెన్ గారు అడిగారు, దొరికింది, ఓడారు. అంతకు రెండేళ్ల ముందు అధ్యక్ష పదవికి పోటీ, రెండేళ్ల తర్వాత మళ్లీ అధ్యక్ష పదవికే పోటీ. నడుమ ఊరికే కూర్చోవడం ఎందుకని ఇది.

కోతలరాయుడని కొట్టిపారేద్దామంటే కుదరదు. 31 ఏళ్లకే, 1938లో, మినెసోటా గవర్నర్‌గా గెలిచిన మనిషి ఇతను. 1940లో ఫిలడెల్ఫియాలో జరిగిన పార్టీ మహాసభలో ప్రధానోపన్యాసం ఇతనిదే. అధ్యక్షుడు కావాలంటే 35 నిండాలని రాజ్యాంగం అంటుంది, ఇతనికి అప్పటికి 33. పార్టీ ముద్దు చేసిన రోజుల్లో వయసు చాల్లేదు, వయసు వచ్చాక ముద్దు చేసేవాళ్లు చాల్లేదు. 1943లో గవర్నర్ గిరీ వదిలేసి నౌకాదళంలో చేరాడు. 1945లో శాన్‌ఫ్రాన్సిస్కోలో ఐక్యరాజ్యసమితి చార్టర్ మీద అమెరికా తరఫున సంతకం పెట్టిన కొద్దిమందిలో ఒకడయ్యాడు. అక్కడితో ఆగి ఉంటే కూడలికో విగ్రహం లేచేది.

ఆగలేదు. 1948లో అధ్యక్ష టికెట్ కోసం విస్కాన్సిన్, నెబ్రాస్కా ప్రైమరీలు గెలిచి ఊపు మీద ఒరెగాన్ చేరాడు. కమ్యూనిస్టు పార్టీని నిషేధించాలా వద్దా అన్న అంశం మీద పార్టీలోని ప్రత్యర్థి థామస్ డ్యూయీతో రేడియోలో వాదం పెట్టుకున్నాడు. దేశమంతా చెవులప్పగించి వింది. నిషేధించాల్సిందేనని ఇతను, కూడదని డ్యూయీ. డ్యూయీ ఒకప్పుడు ప్రాసిక్యూటర్, ఎదుటివాడిని బోనెక్కించడం ఆయనకు వెన్నతో పెట్టిన విద్య. ఒరెగాన్ పోయింది, టికెటూ పోయింది. ఆ డ్యూయీ నవంబర్లో అధ్యక్షుడు ట్రూమన్ చేతిలో ఓడాడు. ఓడినవాడి చేతిలో ఓడటమన్నది మామూలు ప్రతిభ కాదు.

1952లో మళ్లీ బరిలో దిగాడు. మహాసభలో నెగ్గడానికి 604 ఓట్లు కావాలి. పోటీదారు ఐసెన్‌హోవర్ 595 దగ్గర ఆగాడు. అప్పటిదాకా స్టాసెన్ ఖాతాలో ఉన్న మినెసోటా 19 ఓట్లు అటు దూకాయి, ఐసెన్‌హోవర్ ఒడ్డున పడ్డాడు. ఆయన అధ్యక్షుడయ్యాక మనవాడికి విదేశీ సాయం పంచే పెద్ద కొలువు దక్కింది. ఆ హోదాలోనే 1953 మేలో విదేశాంగ మంత్రి డల్లెస్ వెంట ఢిల్లీకీ వచ్చి వెళ్లాడు. 1955లో నిరాయుధీకరణ మీద అధ్యక్షుడికి సలహాదారు. పత్రికలు ‘శాంతి మంత్రి’ అన్నాయి. అభ్యర్థి చచ్చి సలహాదారు పుట్టాడని అందరూ ఊపిరి పీల్చుకున్నారు.

ఆ సలహాదారు 1956లో నోరు విప్పాడు. ఉపాధ్యక్షుడు నిక్సన్ వల్ల ఐసెన్‌హోవర్‌కు ఆరు శాతం ఓట్లకు గండి పడుతుందని ఏదో సర్వే పట్టుకొచ్చాడు. నిక్సన్‌ను తప్పించి మసాచుసెట్స్ గవర్నర్ క్రిస్టియన్ హెర్టర్‌ను పెట్టమన్నాడు. పాపం, పెళ్లికొడుకు మనసు కనుక్కోకుండానే ముహూర్తం పెట్టేశాడు. నిక్సన్ పేరు నేనే ప్రతిపాదిస్తానని హెర్టర్ వెంటనే ఒప్పేసుకున్నాడు. ఐసెన్‌హోవరేమో స్టాసెన్‌కు నాలుగు వారాలు జీతం లేని సెలవిచ్చి పంపాడు. చివరికి శాన్‌ఫ్రాన్సిస్కో మహాసభలో నిక్సన్ పేరును బలపరుస్తూ ప్రసంగించిన వారిలో ఒకరెవరనుకున్నారు? సాక్షాత్తూ స్టాసెన్ గారే. ఉమ్మినదాన్ని మైకు ముందు నిలబడి మింగడం చూడాలంటే ఆ ప్రసంగం చూడాల్సిందే.

మరుసటి ఏడు లండన్ చర్చల్లో మిత్రదేశాలకు చెప్పకుండానే సోవియట్ ప్రతినిధి చేతిలో ఒక పత్రం పెట్టాడు. డల్లెస్ మండిపడ్డాడు. 1958 ఫిబ్రవరిలో కొలువుకు రాజీనామా.

రాజీనామా సిరా ఆరకముందే పెన్సిల్వేనియా గవర్నర్ ప్రైమరీలో దిగాడు. అక్కడ ఓడించింది రాజకీయ దిగ్గజమేమీ కాదు, ప్రెట్జెల్ అనే చిరుతిండి తయారు చేసే వ్యాపారి. 1959లో ఫిలడెల్ఫియా మేయర్ పదవికి ఓటమి. 1966లో మళ్లీ పెన్సిల్వేనియా. 1968 మహాసభలో అధ్యక్ష అభ్యర్థిగా వచ్చిన ఓట్లు అక్షరాలా రెండు. 1978లో సెనేట్, 1982లో మినెసోటా గవర్నర్. ఆరో వంతు ఓట్లు రాకపోతే మన దగ్గర డిపాజిట్ పోతుంది. అక్కడ ఆ ఏర్పాటు లేదు, పోయింది పరువొక్కటే.

మన పత్రికలైతే పట్టువదలని విక్రమార్కుడని శీర్షిక పెట్టేవి. అది విక్రమార్కుడికి అవమానం. ఆయన శవాన్ని మోసింది ఒకరికిచ్చిన మాట కోసం. ఇక్కడ మోసేవాడూ మోయబడేదీ ఒక్కరే, మాట ఇమ్మని అడిగినవాడే లేడు.

ఇందులో పార్టీకీ వాటా ఉంది. గెలవని సీటుకు పేరున్న ముసలాయన దొరికితే ఏ పార్టీకి చేదు? బ్యాలెట్లో ఖాళీ నిండుతుంది, ఖర్చు ఆయనది. విలేకరులకేమో ఎన్నికకోసారి ఆయన విగ్గు మీద ఒక జోకు. అసలు నష్టం ఎక్కడంటే, అణ్వస్త్రాల మీద, ఐక్యరాజ్యసమితి సంస్కరణ మీద ఆయన చెప్పేది చాలావరకు వినదగ్గ మాటే. కానీ మాట మొదలెట్టగానే వినేవాళ్లు ‘ఈసారి ఏ పదవికి?’ అని నవ్వేవారు. సలహాదారు నోటిని అభ్యర్థే నొక్కేశాడు.

పక్కనున్నవాళ్లు మాత్రం బాగుపడ్డారు. 1952లో మహాసభలో ఆయన కోసం పరుగులు తీసిన వారెన్ బర్గర్ 1969లో సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయ్యాడు. నియమించింది ఎవరో కాదు, అప్పటికి అధ్యక్షుడైన నిక్సన్.

స్టాసెన్ 2001లో 93 ఏళ్ల వయసులో పోయాడు. 1956లో ఆయన ఇచ్చిన ‘తప్పుకో’ అన్న సలహాను నిక్సన్ 18 ఏళ్లు ఆలస్యంగానైనా, వాటర్‌గేట్ కుంభకోణం మెడ మీదికొచ్చాక, 1974 ఆగస్టులో పాటించాడు. ఇచ్చినాయన మాత్రం 1992లో కూడా అధ్యక్ష పదవికి పోటీలోనే ఉన్నాడు.