ఐతుకు కిటికీ

“యేసుప్రభువు ఏడ్చాడని బైబిల్లో ఉంది. నవ్వాడని ఎక్కడైనా ఉందా? చూపించండి!”

ఈ సవాలు మీరూ వినే ఉంటారు. ఈ ఏడు మా ఉజ్జీవ సభలకి వచ్చిన దైవజనులు ఈ మాట అన్నప్పట్నుంచీ నాకు చెవిలో జోరీగే. మామూలుగా అంటే సరిపెట్టుకునేవాణ్ణి. ఎకో మైకులో అన్నారు. మా సౌండ్ సిస్టంలో ఒక మాట వేస్తే నాలుగు బయటికొస్తాయి: చూపించండి, పించండి, చండి, అండి. వెనక వరసలో కుర్రాళ్లు కిసుక్కుమన్నారు. ఆయన వాళ్ల వైపు వేలు చూపించి, “ఇదిగో, సాతాను ఇలాగే నవ్విస్తాడు” అన్నారు. నవ్వించింది ఆంప్లిఫయరు, నింద సాతానుకి.

చూపించమన్నారు గదా అని ఇంటికొచ్చి వెతికాను. నిజమే. లాజరు సమాధి దగ్గర ఏడ్చాడు, యెరూషలేమును చూసి ఏడ్చాడు. నవ్వాడని రాసి లేదు. తుమ్మాడనీ రాసి లేదు. తల దువ్వుకున్నాడనీ లేదు. ఆ లెక్కన సంఘం మొత్తం దువ్వెనలు పారెయ్యాలి. దైవజనులైతే దువ్వుకోవడంతో ఆగరు, రంగు కూడా వేస్తారు. కానా ఊరి పెళ్లిలో ఆరు రాతి బానల నీళ్లు ద్రాక్షారసం అయ్యాయి. ఇప్పటి కొలతల్లో తక్కువలో తక్కువ 450 లీటర్లు. అంత సరుకు దిగిన పెళ్లింట్లో ఆయనొక్కడే మొహం ముడుచుకుని కూర్చున్నాడంటే నమ్మాలట.

పోనీ ఈ మాట ఈయన సొంతమా అంటే అదీ కాదు. నాలుగో శతాబ్దంలో యోహాను క్రిసొస్తొం అనే మహా ప్రసంగీకుడు మత్తయి సువార్త మీద మాట్లాడుతూ ఇదే అన్నాడు. పదహారు వందల ఏళ్లుగా చేతులు మారుతూ మా ఊరికి చేరిన సరుకన్నమాట. జర్మనీ వైపు పాదిరీలు మాత్రం ఒకప్పుడు ఈస్టరు నాడు పుల్పిట్ మీంచే జనాన్ని పడీపడీ నవ్వించేవారు. కోకిల కూత కూసినవాడు కూడా ఉన్నాడట. 1518లో ఎకొలంపాడియస్ అనే పండితుడు ఆ నవ్వుల మీద ఏకంగా ఒక పుస్తకమే బాసెల్‌లో అచ్చేశాడు, తిడుతూ. మా సంఘం సెక్రటరీగారికి ఆయన పేరు తెలియదు గానీ పోలిక మాత్రం బాగా వచ్చింది.

లూకా సువార్త 6వ అధ్యాయంలో, ఇప్పుడు నవ్వేవాళ్లకి శ్రమ అని 25వ వచనం హెచ్చరిస్తుంది. దైవజనులు దాన్ని కళ్లు మూసుకుని అప్పజెప్పారు. అదే అధ్యాయం 21లో, ఇప్పుడు ఏడ్చేవాళ్లు రేపు నవ్వుతారని మాటిచ్చింది సాక్షాత్తూ ప్రభువే. ఆ నాలుగు వచనాలు వెనక్కి నడవడానికి ఆయనకి ఏ మోకాలి నొప్పి అడ్డమొచ్చిందో.

బైబిల్లో నవ్వు లేదనేవాళ్లకి నేను చూపించేది ఐతుకుని. అపొస్తలుల కార్యములు 20వ అధ్యాయం. త్రోయ పట్టణం, మూడో అంతస్తు, ఆదివారం కూడిక. పౌలుకి మర్నాడు ప్రయాణం. మర్నాడు ప్రయాణమున్న ప్రసంగీకుడితో చాలా జాగ్రత్తగా ఉండాలి; మనసులో ఉన్నదంతా ఆ రాత్రే దించి పోతాడు. పౌలు అర్ధరాత్రి దాకా దించాడు. కుర్రాడు కిటికీలో కూర్చున్నాడు. ఆ చోటు ఎంచుకున్నాడంటేనే ప్రసంగాలు విన్న అనుభవం ఉన్నవాడని అర్థం. మా చర్చిలోనూ అలాంటి సీటొకటుంది: ఎడమవైపు, ఫ్యాను కింద, స్తంభం చాటున. పుల్పిట్‌కి కనపడదు, ఫోనుకి సిగ్నల్ బాగా అందుతుంది. దాని కోసం ఆరాధనకి గంట ముందే వచ్చి జేబురుమాలు వేసిపోయే పెద్దమనుషులున్నారు. నిద్ర కోసం ఇంత తెల్లవారుజామున లేచేవాళ్లని నేనింకెక్కడా చూడలేదు.

ఈ సంగతి రాసిన లూకా వైద్యుడు. పైగా ఆ రాత్రి అక్కడే ఉన్నాడు. కేసు షీటు రాసినట్టు రాశాడు. గదిలో దీపాలు చాలా ఉన్నాయి, అంటే ఉక్క. కిటికీ. గాఢనిద్ర. కారణం? పౌలు చాలాసేపు ప్రసంగించడం. కలిసి ఊళ్లు తిరిగిన స్నేహితుడు గదా అని కూడా చూడలేదు, ఆ ముక్క అలాగే ఉంచేశాడు.

కుర్రాడు పడ్డాడు. ఎత్తి చూస్తే ప్రాణం లేదు. పౌలు గబగబా దిగొచ్చి, వాణ్ణి కౌగిలించుకుని, ప్రాణముంది, కంగారు పడకండన్నాడు. సరే, అద్భుతం. నా లెక్కలో అంతకంటే పెద్ద అద్భుతం ఆ తర్వాత జరిగింది. పైకెళ్లి, రొట్టె విరిచి, తిని, మళ్లీ మొదలెట్టాడు. తెల్లారేదాకా! వినేవాడు మేడ మీంచి పడి చచ్చి బతికాడే, ఇవాళ్టికి ఓ పావుగంట ముందు వదిలేద్దామని అనిపించలేదు. ఐతుకుని రెండోసారి ఎక్కడ కూర్చోబెట్టారో లూకా రాయలేదు. నేలమీదే అయ్యుంటుంది.

ఇంత జరిగిన అధ్యాయాన్ని మావాళ్లు దేనికి వాడతారంటే, ప్రసంగంలో కునికితే పడిపోతారు జాగ్రత్త అని మమ్మల్ని బెదిరించడానికి. ఎంతసేపు మాట్లాడితే మనుషులు పడతారన్నది వాళ్లకి తట్టదు. “ముగింపులోకి వస్తున్నాను” అంటారు. కీబోర్డు కుర్రాడు, పాపం, నమ్మి మెల్లగా మీటడం మొదలెడతాడు. చేత్తో ఆపుతారు. “చివరిగా ఒక్క మాట.” మళ్లీ మీటుతాడు. “ఒక్క వచనం చూసుకుని…” మళ్లీ ఆపుతాడు. ఇంట్లో నానబెట్టొచ్చిన బిర్యానీ బియ్యం తలుచుకుని మా ఆవిడ నా వైపు చూస్తుంది. నేను స్తంభం వైపు చూస్తాను.

నన్ను నిజంగా మండించేది మరొకటుంది. ఎవరు నవ్వొచ్చో కూడా వాళ్లే తేల్చేస్తారు. దైవజనులు అత్తాకోడళ్ల జోకు వేస్తే హాలంతా నవ్వాలి, నవ్వకపోతే “ఏంటి, ఆత్మలో డల్‌గా ఉన్నారు?” అని గదమాయింపు. అదే ఆడవాళ్ల వైపు నుంచి చిన్న నవ్వు వినపడితే, నవ్వే ఆడదాన్ని నమ్మకూడదని సామెత తీస్తారు. ఆ సామెతకి రెండో సగం ఉంది, ఏడ్చే మగాణ్ణీ నమ్మొద్దని. ప్రభువు ఏడ్చాడని చెప్పిన నోటితోనే ఆ సామెత! తొంభయ్యేళ్ల శారా డేరా గుమ్మం వెనక నవ్వుకుంది. దేవుడు ఎందుకు నవ్విందన్నాడు, ఆవిడ నవ్వలేదంది, కాదు నవ్వావన్నాడు. అంతటితో సరి. బిడ్డనివ్వడం మానలేదు. మా సెక్రటరీగారైతే సభ్యత్వం తీసేసేవారు.

మా నాయనమ్మది ఒంగోలు వైపు పల్లె. ఆ ప్రాంతంలో కరువొచ్చినప్పుడు మిషనరీ క్లౌ దొర బకింగ్‌హాం కాలువలో కొంత భాగం కాంట్రాక్టు తీసుకుని జనానికి తవ్వకం కూలి చూపించాడు. ఆ తర్వాత 1878 జూలై 3న గుండ్లకమ్మ ఏటిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. ఎక్కువమంది మాదిగలు. ఆ అంకె చరిత్రలో భద్రంగా ఉంది. నీళ్లలో ఎవరైనా కాలుజారి పడ్డారా, ఒడ్డునున్నవాళ్లు నవ్వారా అన్నది లేదు. నవ్వే ఉంటారు. కరణం ఎదురైతే చెప్పులు చేతిలోకి తీసుకోవాల్సిన రోజులవి. నాయనమ్మ చిన్నతనంలో కూడా, పల్లెవాళ్లు ఊళ్లో గట్టిగా నవ్వితే “ఏం చూసుకుని?” అని అడిగేవాళ్లట. దేవుడి గుడిలో అడిగేవాళ్లు లేరు. ఆవిడ ప్రసంగం మధ్యలో నవ్వితే అయ్యగారు ఆగి, “ఏందమ్మా, నాకూ చెప్పు” అనేవాడు. చెప్పేది. ఆయనా నవ్వేవాడు.

మాకిప్పుడు ఏసీ హాలుంది, మెత్తటి కుర్చీలున్నాయి. “ఏం చూసుకుని?” అన్న ప్రశ్న మాత్రం తిరిగి తిరిగి లోపలికే వచ్చింది, మనవాళ్ల నోటి మీదుగానే.

దైవజనులు వచ్చే నెల మళ్లీ వస్తున్నారు. అంశం ‘లోకసంబంధమైన నవ్వు’. మూడు భాగాలట. భోజనాల సంగతి ఇంకా తేల్లేదు.