కియాన్ష్ అనగా ఎవరు?

సూర్యుడి తొలికిరణాలు ఈమధ్య మన రాష్ట్రాల్లో మరీ ఎక్కువైపోయాయి. ఏదైనా ఎల్‌కేజీ సెక్షన్‌లోకి తొంగిచూడండి. కిటికీ పక్కన కూర్చున్న పాప సూర్యుడి తొలికిరణం. దాని పెన్సిల్ లాక్కుంటున్న బాబు కూడా తొలికిరణమే. వెనక బెంచీలో విష్ణుమూర్తి అంశలు అరడజను. పది అవతారాలతో చాలించుకున్న స్వామి మన ప్లేస్కూళ్ళ దగ్గరికి వచ్చేసరికి లెక్కే వదిలేశాడు. పేర్ల పుస్తకాలు, పేర్ల యాప్‌లు చెప్పే అర్థాలు ఇవే. ఏ పేరు కొట్టినా ఈ రెండింటిలో ఒకటి వస్తుంది. రెండూ అయిపోతే ‘సకల సద్గుణ సంపన్నుడు’ అని వస్తుంది.

మా పక్కింటి పిల్లవాడిది ఆ మూడో కోటా. పేరు కియాన్ష్. అనంతపురంలో పుట్టాడు.

నామకరణానికి నన్నూ పిలిచారు. ఇత్తడి పళ్ళెంలో బియ్యం పరిచి, బంగారు ఉంగరం చేతికిచ్చి, పేరు రాయమన్నారు తండ్రిని. ‘కి’ రాశాడు. ‘యా’ రాశాడు. అక్కడ ఉంగరం ఆగిపోయింది. సున్నా పెట్టాలా, న పొల్లు పెట్టాలా? చివర శ నా, ష నా? భార్య వైపు చూశాడు, ఆమె ఆడపడుచు వైపు చూసింది, ఆడపడుచు ఫోన్ వైపు చూసింది. పురోహితుడు తనకేమీ సంబంధం లేనట్టు అక్షింతలు కలుపుకుంటున్నాడు. ఆఖరికి బియ్యం మళ్ళీ చదును చేసి, పేరంతా ఇంగ్లీషులో రాశారు. సంఖ్యాశాస్త్రం ప్రకారం రెండు ఏలు, రెండు ఎస్‌లు పడాలట. పళ్ళెం చాలక హెచ్ అంచు దాటింది.

“ఏం పేరప్పా ఇది, పండ్లు ఉండేటోళ్ళు పిలుచుకునేకి పెట్టినారా?” అంది బాబు జేజి. ఆమెకు ముందు పళ్ళు రెండూ లేవు.

ఉండబట్టలేక పేరు మూలాలు తవ్వాను. కియాన్ పారశీక పదం. ఫిరదౌసి షానామాలో కయానీ రాజులున్నారే, వాళ్ళకి చెందిన మాట. అంటే ఇరాన్‌లో అది రాజులు పెట్టుకునే దర్జా పేరు. ఐర్లండులోనూ కియాన్ ఉన్నాడు. వాళ్ళ పురాణాల్లో లూ అనే వీరుడి తండ్రి ఆయన. అక్కడ ఆ మాటకు పురాతనుడు అని అర్థం. ఇది చదివాక కాసేపు నవ్వాగలేదు. తాత పేరు పెడదామంటే ‘మరీ పాతగా ఉంది’ అని కొట్టిపారేసిన దంపతులు, ఏడు సముద్రాల అవతలికి వెళ్ళి ‘పాతవాడు’ అనే మాటనే పట్టుకొచ్చారు. తోకలో ఉన్నది మాత్రం మన అంశ. సంస్కృతంలో బయల్దేరిన అంశ, హిందీలో చివరి అకారం పోగొట్టుకుని అంశ్ అయింది. ఇంగ్లీషులో నాలుగక్షరాల వేషం కట్టి, తెలుగులోకి ‘ఆన్ష్’గా దిగింది. ఇంటికొచ్చిన కొడుకుని కన్నతల్లే గుర్తుపట్టని పరిస్థితి.

ఈ తోక దొరికాక మనవాళ్ళకు పట్టపగ్గాల్లేవు. రియాన్ష్, వియాన్ష్, దివాన్ష్, శ్రియాన్ష్. ముందు ఏది తగిలించినా పేరైపోతుంది. శ్రీకీ అంశకీ నిజంగా సంధి చేస్తే యణాదేశం వచ్చి శ్ర్యంశ అవుతుంది. అలా పిలిస్తే పిల్లవాడు కాదు గదా, విష్ణుమూర్తి కూడా పలకడు. కనుక వ్యాకరణానికి సెలవిచ్చారు, మంచిదే.

సెలవివ్వని కాలం ఒకటుండేది. వ్యాకరణం ఎందుకు చదవాలయ్యా అన్న ప్రశ్నకు మహాభాష్యంలో పతంజలి చెప్పిన కారణాల్లో కొడుక్కి పేరు పెట్టడం కూడా ఉంది. పేరు ఘోషాక్షరంతో మొదలవ్వాలి, నడుమ య ర ల వ లలో ఒకటుండాలి, రెండక్షరాలో నాలుగక్షరాలో ఉండాలి, ధాతువు నుంచి పుట్టిన కృదంతం కావాలి. కియాన్ష్‌ని ఈ పరీక్షకు కూర్చోబెట్టాను. క ఘోషం కాదు, సున్నా మార్కులు. నడుమ య ఉంది, పాస్. గట్టిగా పలికితే రెండక్షరాలే, పాస్. ధాతువు సంగతి అడక్కండి. నాలుగింట రెండు. మన ఇంజనీరింగ్ కాలేజీల లెక్కన ఫస్ట్ క్లాసుకు కాస్త తక్కువ.

నేను పాతపేర్ల భజన చేస్తానని అనుకుంటున్నారేమో. మా ఊళ్ళో ఒక్క వీధిలోనే వెంకటేశ్వర్లు నలుగురు. పొట్టి వెంకటేశ్వర్లు, మిల్లు వెంకటేశ్వర్లు అంటూ తోక పెడితేగాని ఉత్తరం సరైన ఇంటికి చేరేది కాదు. పుట్టిన పిల్లలు దక్కకపోతే ఆ తర్వాతి బిడ్డని పెంటకుప్ప మీద పెట్టి తీసి పెంటయ్య అన్నారు, బిచ్చమడిగి తెచ్చుకున్నట్టు భిక్షమయ్య అన్నారు. అందంగా లేవు సరే, అర్థం కోసం పుస్తకం తిరగేయాల్సిన అవసరం మాత్రం ఎవరికీ రాలేదు. ఇక తాత పేరు మనవడికి పెట్టిన ఇళ్ళలో కోడలి పాట్లు వేరు. మామగారి పేరు నోటితో అనకూడదు కాబట్టి కన్నకొడుకుని ‘బాబూ’, ‘చిన్నా’ అంటూనే పెంచింది. ఆమె మనవరాలు ఇవాళ పార్కింగ్‌లో నిలబడి ‘కియాన్ష్, నోర్మూసుకుని కారెక్కు’ అనగలుగుతోంది. స్త్రీ విముక్తికి ఈ పేరు చేసిన మేలు కాదనను.

పేరు కొత్తగా కనిపెట్టడం నిన్నమొన్నటి ముచ్చటేమీ కాదు. విజయవాడ నాస్తికుడు గోరా చేసి చూపించాడు. ఉప్పు సత్యాగ్రహం జరిగిన 1930లో పుట్టిన కొడుక్కి లవణం అని పెట్టాడు. యుద్ధం కమ్ముకొస్తున్న రోజుల్లో పుట్టిన బిడ్డ సమరం. ఇంకొకరు నియంత. తొమ్మిదో సంతానానికి వచ్చేసరికి ఎక్కువ ఆలోచించకుండా నౌ అన్నాడు, హిందీ అంకె తెచ్చి. దేవుడూ లేడు, కులమూ లేదు, తాతా లేడు. ఏ పేరు అర్థమేమిటో ఆ ఏటి వార్తాపత్రిక చదివినవాడికల్లా తెలుసు. అలా పెట్టాలంటే గుండె ధైర్యం కావాలి. మొన్న 2020లో పుట్టినవాళ్ళలో శానిటైజర్ అనే పిల్లవాడు నాకింకా తగల్లేదు.

ఇప్పటి పద్ధతి తలకిందులు. ముందు చెవికి ఇంపైన చప్పుడు దొరకాలి, అర్థం తర్వాత అద్దెకి తెచ్చుకోవచ్చు. చప్పుళ్ళు ఎక్కడ దొరుకుతాయంటే సినిమాల్లో. 2010లో అంజానా అంజానీ అనే హిందీ సినిమాలో ప్రియాంకా చోప్రా వేసిన పాత్ర పేరు కియారా. ఆలియా అద్వానీ అనే అమ్మాయి సినిమాల్లోకి వస్తూ ఆ పేరు తీసుకుంది, ఎందుకంటే అప్పటికే పరిశ్రమలో ఒక ఆలియా ఉంది. 2018లో ‘భరత్ అనే నేను’తో ఆమె మనింటికీ వచ్చింది. లేని మనిషికి రచయిత పెట్టిన పేరు ఉన్న మనిషికి చేరి, అక్కడినుంచి ఉయ్యాలల్లోకి దిగింది. యాప్‌లో వెతికితే ఈ కథ కనిపించదు. అర్థం మాత్రం ఉంటుంది, కిరణమో ఏదో.

జేజి సంగతి మధ్యలో వదిలేశాను. ఆమె ఆన్ష్‌ని ఊడబెరికేసి ‘కియా’ అని ఖాయం చేసింది. పెనుకొండ దగ్గర కార్ల ఫ్యాక్టరీ వచ్చాక మా జిల్లాలో ఆ మాట పలకలేని వాళ్ళెవరూ లేరు. సాయంత్రమైతే గేటు దగ్గర నిలబడి “కియా యాడుందప్పా?” అంటుంది. దారిన పోయేవాళ్ళు షోరూం అడ్రసు చెప్పి పోతుంటారు.

ఆ ఇంట్లో పోయిన నెల రెండో బిడ్డ పుట్టింది. ఆడపిల్ల. హస్తా నక్షత్రం, నాలుగో పాదం. జ్యోతిష్యుడు లెక్కచూసి ‘ఠ’ అక్షరమన్నాడు. ఠ తో మనకున్నదల్లా చిరంజీవి ‘ఠాగూర్’. అదీ మగపిల్లవాడైతే ఏదో సర్దుకోవచ్చు. తండ్రి దిగులుగా మా వరండాలోకి వచ్చి కూర్చున్నాడు.

“అన్నా, ఠ తో ఓ పేరు చెప్పు. ఎవరికీ ఉండకూడదు. పాతగా ఉండకూడదు. రేపు అమెరికాలో వాళ్ళకీ నోరు తిరగాల.”

“అర్థమో?”

“అది తరవాత చూసుకుందాం లేన్నా.”

“ఠ అనేది అమెరికావాళ్ళకి జన్మలో పలకదు కదయ్యా.”

“ఇంగ్లీషులో రాస్తే టీ, హెచ్చే కదన్నా. థ అనో ద అనో వాళ్ళే ఏదో ఒకటి అనుకుంటారు” అన్నాడు, ఫోన్ తీసి యాప్ తెరుస్తూ.