నేను కీ పేపర్ని

ఇంగ్లీషు పరీక్ష జవాబుల కీని నేను. హిందూపురంలో ఒక మేడమ్ చేతిలో పుట్టాను. పెనుకొండ, ధర్మవరంలో ఉన్న ఆమె స్నేహితుల బళ్లకు జెరాక్సులుగా రైలెక్కి వెళ్లాను. కీ అంటే మార్కులు వేయడానికేనని చాలామంది అనుకుంటారు. ఈమె మాత్రం ప్రతి ప్రశ్న పక్కనా ఎ, బి, సి, డి గళ్లు గీసి, ఎవరు ఏ జవాబు పెడితే ఆ గడిలో ఒక గీత గీస్తుంది. నా అసలు బతుకు ఆ గళ్లలోనే ఉంది.

గీతలు అన్ని గళ్లలోనూ చెదిరి పడితే పిల్లలు అందాజుగా పెట్టారన్నమాట. ఒకే తప్పు గడిలో గుంపుగా పడితే అది అజాగ్రత్త కాదు, దాని వెనక వాళ్ల లెక్క ఏదో ఉంది. ‘ఐ డ్యాష్ హియర్ సిన్స్ 2019’ అన్న ఖాళీకి నా జవాబు ‘హ్యావ్ బీన్ లివింగ్’. హిందూపురంలో సగానికి పైగా ‘యామ్ లివింగ్’ పెట్టారు.

“ఏం పాపా, ఇదెందుకు పెట్టినావు?”

“ఇంగా ఈడనే ఉండాము గదా మేడమ్!”

ఆ పాప తర్కం ముమ్మాటికీ సరైనదే. ‘2019 నుంచి ఇక్కడే ఉంటున్నాం’ అనే కదా మనం అంటాం! ఆ తరగతిలో ఇంట్లో కన్నడ, ఉర్దూ మాట్లాడే పిల్లలూ ఉన్నారు. ఆ భాషల్లోనూ అక్కడ వర్తమానమే. మూడు భాషల ఇళ్ల పిల్లలూ ఒకే గడికి చేరారు.

‘ఐ డోంట్ నో వేర్ ఈజ్ హీ’ సంగతి వేరు. నా జవాబు ‘వేర్ హీ ఈజ్’. మూడు ఊళ్లలోనూ ఆ తప్పే వచ్చింది, కానీ దీన్ని తెలుగు మీదికి నెట్టడానికి లేదు. ప్రశ్న వేసినా మన వాక్యంలో మాటల వరస మారదు. ‘వేర్ ఈజ్ హీ’ని బడిలోనే బట్టీ పట్టించారు, పిల్లలు దాన్నే తెచ్చి ఇక్కడ అతికించారు. నేర్చుకునేవాళ్ల తప్పులకు ఒక పద్ధతి ఉంటుందని భాషాశాస్త్రవేత్త పిట్ కార్డర్ 1967లోనే రాశాడు. అన్నీ మాతృభాష వల్ల రావని 1971లో జాక్ రిచర్డ్స్ చూపాడు. ఎర్రసిరాతో ఇంటూ కొడితే ఈ రెండు తప్పులూ ఒకేలా కనిపిస్తాయి. మందు మాత్రం వేరు వేరు.

ధర్మవరం సారు మొదటిదానికి మగ్గాన్ని పట్టుకున్నాడు. “మీ నాయన ఎప్పట్నుంచి నేస్తుండాడు?” అని ఒక్కొక్కర్నీ అడిగి, ఆ సంవత్సరంతోనే ‘మై ఫాదర్ హ్యాజ్ బీన్ వీవింగ్’ అని రాయించాడు. రెండోదానికి ఇంకా దారి వెతుకుతున్నారు. వచ్చే పరీక్ష కీలో ‘ఐ డోంట్ నో’ తర్వాత ‘వాట్ హిజ్ నేమ్ ఈజ్’ కూడా చేర్చారు. పిల్లలు పట్టుకున్నది సూత్రాన్నా, ఒక్క వాక్యాన్నా అన్నది ఆ గళ్లలో తేలుతుంది.