పిలిచారు, పలకలేదు

నేనొక అప్పీలు కట్టని. శ్రీకాకుళంలో ఒక ప్లీడరు గారి గుమస్తా టైపు కొట్టి నన్ను పుట్టించాడు. ఒంటి నిండా కాగితాలే: గ్రౌండ్స్ మెమో, కింది కోర్టు తీర్పు నకలు, డిక్రీ నకలు, వకాల్తా. తగాదా నాగావళి పక్కన నలభై సెంట్ల కోసం, పినతండ్రి కొడుకుల మధ్య. ముప్పై రోజుల గడువులోపే నన్ను జిల్లా కోర్టులో వేశారు. నంబరు పడింది.

మా పార్టీ భార్యతో కలిసి చెన్నైకి తాపీ పనులకు వలసపోయే మనిషి. వెళ్తూ గుమస్తాతో, "పేషీ అంటే ఓ ఫోను కొట్టండి బాబూ, బండెక్కి ఆమదాలవలసలో దిగిపోతాను" అన్నాడు. అక్కడ సిమ్ము మార్చాడు. ఇక్కడ వాయిదాలు నడిచాయి. నోటీసు తిరిగొచ్చింది, రికార్డు రాలేదు, జడ్జి గారికి బదిలీ అయింది.

ఆ రోజు పొద్దున్న అటెండరు వరండాలోకి వచ్చి పేరు మూడుసార్లు కేకేశాడు. పాస్ ఓవర్ అన్నారు. మధ్యాహ్నం మళ్ళీ పిలిచారు. అవతలి పార్టీ లేచి నిలబడ్డాడు. మావాళ్ళు లేరు, ప్లీడరు గారూ లేరు. డాకెట్ మీద ఒక్క వాక్యం పడింది: గైర్హాజరు వల్ల అప్పీలు డిస్మిస్.

నా తాడైనా విప్పలేదు. విప్పకపోవడంలోనే న్యాయం ఉంది మరి! సివిల్ ప్రొసీజర్ కోడు 41వ ఆర్డరు 17వ రూలు కింద, అప్పీలుదారు రాకపోతే కొట్టేయొచ్చు. అంతేగాని అతను లేకుండా నన్ను చదివి, పస లేదని కొట్టేయకూడదు. 1976 సవరణ ఆ మాట విప్పి చెప్పింది. కాబట్టి కింది డిక్రీ సరైనదని జిల్లా కోర్టు అన్లేదు. ఊళ్ళో మాత్రం "ఓడిపోయాడు" అనేశారు. వాళ్ళను తప్పుపట్టలేను. నేల దున్నుకుంటున్నది అవతలివాడే కదా.

సంక్రాంతికి ఊరొచ్చాక గాని మా పార్టీకి సంగతి తెలియలేదు. 19వ రూలు కింద తిరిగి తీసుకోమని అడగడానికి ముప్పై రోజులే గడువు, అది దాటిపోయింది. ఇప్పుడు నా పైన రెండు పిటిషన్లు కట్టారు: ఒకటి ఆలస్యం మాఫీకి, రెండోది నన్ను బతికించడానికి. కొత్త ప్లీడరు 1981 నాటి రఫీక్ కేసు చూపిస్తున్నాడు. ప్లీడరు రానందుకు పాపం తెలియని కక్షిదారు ఎందుకు నష్టపోవాలని సుప్రీంకోర్టు అందులో అడిగింది. అవతలివాళ్ళు, ఆలస్యానికి కారణం రుజువు చేయమంటున్నారు. మా వాడి దగ్గరున్న రుజువల్లా చెన్నై మేస్త్రీ రాసిచ్చిన చీటీ, నలిగిపోయిన రైలు టికెట్టూ.

కౌంటరుకు వాయిదా పడింది. తిరిగి తీసుకోమన్న పిటిషన్ కొట్టేస్తే 43వ ఆర్డరు కింద అమరావతిలో హైకోర్టుకు వెళ్ళొచ్చని ప్లీడరు చెబుతుంటే, మా పార్టీ అక్కడికి బస్సు చార్జీ ఎంతవుద్దని అడుగుతున్నాడు.