పెరుగన్న వాక్యమునకు టీకా తాత్పర్యము

అవతారిక: పంటినొప్పికి ఐదు రోజులు యాంటీబయాటిక్ మింగి, పన్ను కుదుటపడి కడుపు కదిలి, గుమ్మమున చతికిలబడిన మనుమని చూచి అమ్మమ్మ పలికినది.

మూలము: "మాత్రలయిపోయాయిగా, పెరుగన్నం తిను. ఉల్లిపాయ నంజుకో."

టీక: మాత్రలు = సూక్ష్మజీవులను చంపునవి. పంటిలోని దొంగకును పేగులోని కాపురస్థునకును భేదము వీనికి తెలియదు. 1948లో వెలువడిన ఆరియోమైసిన్ అను యాంటీబయాటిక్ లెడర్లీ ప్రయోగశాలలో పుట్టినది. అచట పరిశోధనలకు పెద్ద మన భీమవరమువాడగు యల్లాప్రగడ సుబ్బారావు. కావున ఆ కీర్తిలోను, ఈ కడుపు కదలికలోను మనకు వాటా కలదు.

పెరుగు = వేలు ముంచిన ఓర్చుకొనదగు వేడిగల పాలలో నిన్నటి తోడు చెంచాడు వేయగా తెల్లవారుసరికి గట్టిపడునది. బల్గేరియా పల్లెవాసుల దీర్ఘాయువునకు పులిసిన పాలే కారణమని శాస్త్రజ్ఞుడు మెచ్నికోవ్ 1907లో వ్రాసెను. మరుసటి యేడు నోబెల్ వచ్చినది గాని అది వేరు పనికి. తానును పులిసిన పాలు త్రాగి 71 ఏండ్లకు పోయెను.

పూర్వపక్షము: యాంటీబయాటిక్ పిమ్మట ప్రోబయోటిక్ గోళీలు మింగినవారి పేగులలో పాత కాపురము కుదుటపడుటకు, ఏమియు మింగనివారికంటె ఎక్కువ కాలము పట్టెనని 2018లో ఇజ్రాయెల్‌లోని వైజ్‌మన్ సంస్థవారు చూపిరి గదా? అమ్మమ్మ పొరబడెనా?

సమాధానము: వారు పెట్టినది గోళీ, పెరుగన్నము కాదు. అయినను ఒప్పుకొందము: పెరుగులోని జీవులు పేగున స్థిరపడుట అరుదు, చుట్టపుచూపుగా వచ్చి పోవును. అసలు కిటుకు రెండవ వాక్యమున దాగినది. ఉల్లిపాయలోని ఫ్రక్టాన్లను అరిగించు శక్తి మనకు లేదు. అవి చెక్కుచెదరక పెద్దపేగునకు దిగును. అచటి బాక్టీరియా వానిని పులియబెట్టి బ్యుటిరేట్ మొదలగు ఆమ్లములను విడుచును. పేగు గోడలోని కణములకు ముఖ్యాహారము ఆ బ్యుటిరేటే. ఇల్లు నిలబెట్టు అద్దె యన్నమాట. పులియునప్పుడు పుట్టు గాలి సంగతి వ్యాఖ్యాత ఇచట ఎత్తడు.

వ్యాకరణ విశేషము: "తిను" అని ఏకవచనమేల? 2016 నాటి లెక్క ప్రకారము ఒక దేహమున మనిషి కణములు సుమారు 30 లక్షల కోట్లు, బాక్టీరియా 38 లక్షల కోట్లు. తూచిన 200 గ్రాములు, ఓటు వేసిన మెజారిటీ. "తినండి" యనుట న్యాయము. మనుమని మీది చనువుచే ఏకవచనమని కొందరు సరిపెట్టిరి.

తాత్పర్యము: స్పష్టము.

పాఠాంతరము: కొన్ని ప్రతులలో "నాకు ఉల్లిపాయ వద్దే అమ్మమ్మా" అను మనుమని మాటకు "నీకెవరు పెడుతున్నార్రా" అను జవాబు కలదు. ప్రక్షిప్తమని పండితులందురు. గిన్నె నా చేతిలోనే యున్నది, నేను విన్నాను.